నోట పెట్టని సూప్

నేను బుద్ధెరిగిన నాటి నుంచి పంది మాంసం నోట పెట్టలేదు. అయినా డెబ్బైల చివర్లో మస్కట్‌లో, పచ్చ బఠానీ పప్పులో పంది కాలు వేసి వండే హాలండ్ వాళ్ల సూప్‌ను నాకంటే బాగా చేసినవాడు ఉన్నాడంటే ఒప్పుకోను. గొప్పలు పోతున్నానని మీరు అనుకోవచ్చు. గొప్పలే పోతున్నాను. ఆ సూప్ తిన్నవాళ్లంతా ఎప్పుడో ఎవరి దేశానికి వాళ్లు వెళ్లిపోయారు కాబట్టి సాక్ష్యానికి ఎవరినీ తేలేను. నా మాట నమ్మడం తప్ప మీకు వేరే దారి లేదు.

నేను ఒమన్‌కు వెళ్లింది వంటవాడిగా కాదు. కరీంనగర్ పక్క పల్లె నుంచి హెల్పర్ వీసా మీద వెళ్లాను. హెల్పర్ అంటే ఏ పని చెబితే ఆ పని. ఇటుకలు మోయమంటే మోయాలి, కాంక్రీటుకు నీళ్లు పట్టమంటే పట్టాలి. అల్ ఖువైర్ వైపు సర్కారు ఆఫీసులు లేస్తున్న రోజులవి. ఎండాకాలంలో ఇనుప చువ్వను ఉత్త చేత్తో పట్టుకుంటే అరచేతి తోలు దానికే అంటుకునేది. మధ్యాహ్నం డ్యూటీలో ఒకసారి నేను కళ్లు తిరిగి పడిపోతే, నా మొహాన నీళ్లు కొట్టి లేపి, మళ్లీ ఆ వెంటనే తట్ట చేతికిచ్చారు. అక్కడ అందరికీ అంతే. నా ఒక్కడి మీద ఎవరికీ పగ లేదు.

రూమ్‌లో మాత్రం నా మాటకు విలువ ఉండేది, ఎందుకంటే వంట నాది. మా రూమ్‌లో నేను, నిజామాబాద్ నుంచి వచ్చిన ఒక వడ్రంగి అన్న, హైదరాబాద్ పాతబస్తీ నుంచి వచ్చిన ఒక డ్రైవర్ భాయ్ ఉండేవాళ్లం. భాయ్ మా ఇద్దరికన్నా వయసులో పెద్ద. ఐదు పూటలా నమాజు చేసేవాడు, నోట్లోంచి ఒక్క తిట్టు రానిచ్చేవాడు కాదు. నా చేతి పప్పు తిన్న మొదటి రోజే, ఇక హోటల్ తిండి తిననని ప్రకటించాడు. ఆయన నడిపేది కంపెనీలో పెద్ద ఇంజనీరు కారు. ఆ ఇంజనీరు హాలండ్ దేశస్థుడు. మేమందరం సాబ్ అనేవాళ్లం. సాబ్, ఆయన భార్య ఖురంలో కంపెనీ ఇచ్చిన ఇంట్లో ఉండేవాళ్లు.

ఆ ఇంట్లో వండే గోవా మనిషి, బురైమిలో చుట్టమెవరో హోటల్ పెట్టాడని ఉన్నపళంగా వెళ్లిపోయాడు. మేడం తల పట్టుకుని కూర్చుంటే, మా రూమ్‌లో ఒక పిల్లాడు బాగా వండుతాడని భాయ్ ఆమె చెవిన వేశాడు. అట్లా నేను సైట్ నుంచి ఆ ఇంటి వంటగదికి వచ్చాను. వచ్చాను గానీ, కాగితాల్లో ఇంకా హెల్పర్‌నే. మేడం ఇంటికి ఎవరైనా వస్తే నన్ను చూపించి హెల్పర్ అనే చెప్పేది. కొన్నాళ్లు చూస్తాను, నచ్చితే కుక్‌గా పెట్టుకోమని కంపెనీకి చెబుతాను, నచ్చకపోతే తిరిగి సైట్‌కు పోవాల్సి ఉంటుందని ముందే చెప్పింది. దాపరికం లేని మనిషి. నాకు ఆ ఎండ గుర్తుంది కాబట్టి, ఆ వంటగదిలో చల్లటి గచ్చు మీద కాలు పెట్టిన రోజే గట్టిగా అనుకున్నాను, ఇక్కణ్ణుంచి కదిలేది లేదని.

గుడ్లు, ఆలుగడ్డలు, కోడి, చేప, వాళ్లకు కావాల్సిన చప్పిడి కూరలన్నీ త్వరగానే పట్టుకున్నాను. మిరపకాయ వెయ్యకుండా చెయ్యి కట్టేసుకోవడం ఒక్కటే కష్టమయ్యింది. చలికాలం రాగానే మేడం ఈ సూప్ సంగతి ఎత్తింది. మస్కట్ చలికాలం అంటే మన కార్తీకం కన్నా తక్కువే. అయినా వాళ్లకు చలికాలం అనే మాట చాలు, ఈ సూప్ గుర్తొస్తుంది. వాళ్ల ఊళ్లో కాలవలు గడ్డకట్టే రోజుల్లో ప్రతి ఇంట్లో ఇది వండుతారట. తన తల్లి వండేదట. చెబుతూ చెబుతూ మేడం కళ్లు ఎటో పోయాయి. అప్పుడే నాకు అర్థమయ్యింది, ఈమె నన్ను కుక్ అనాలంటే కోడి కూర చాలదు, ఈ సూప్ దాటాలని.

సూప్ అంటే మీరు కప్పులో తాగే నీళ్లనుకునేరు. ఇది గట్టి పప్పు. గరిటె నిలబెడితే పడిపోకూడదని మేడం లెక్క. ఎండు పచ్చ బఠానీ పప్పు, ఉల్లికాడల్లాంటి లీకులు, సెలెరీ, క్యారెట్, ఆలుగడ్డ, వీటన్నిటి మధ్యలో ఉప్పు పట్టించి పొగలో ఆరబెట్టిన పంది కాలు. చివర్లో పొగ వాసన కొట్టే సాసేజ్ ముక్కలు. పప్పు మెత్తగా కరిగి, కాలి మాంసం ఎముకను వదిలి విడిపోయేదాకా సన్నటి మంట మీద ఉడకాలి. ఇంకో విచిత్రం, ఈ రోజు వండింది ఈ రోజు తినరు. రేపు వేడి చేసి తింటేనే రుచట. నిన్నటి పప్పు పెడితే మా ఇంట్లో కంచం విసిరేసేవాళ్లు మా నాన్న. ఇక్కడేమో పెద్ద పెద్ద ఇంజనీర్లు దాని కోసమే వస్తారు.

ముస్లింలు కానివాళ్లకు అమ్మే దుకాణం నుంచి తెల్లటి గుడ్డలో చుట్టి తెచ్చిన ఆ కాలు మొదటిసారి బల్ల మీద పెట్టినప్పుడు నాకు వాంతి వచ్చినంత పనయ్యింది. అబద్ధమెందుకు చెప్పాలి? మా పల్లెలో పందులు ఎక్కడ తిరుగుతాయో, ఏం తింటాయో చూసి పెరిగినవాణ్ణి. మేక, కోడి తింటాం గానీ మా ఇంటి గడప లోపలికి ఇది వచ్చింది లేదు. చేతులు వెనక్కి పెట్టుకుని నిలబడ్డాను. మేడం నా వైపే చూస్తోంది. నేను ఊపిరి బిగపట్టి కాలు అందుకుని పంపు కింద పెట్టాను.

నాకున్న అసలు భయం వాసన గురించి కాదు, భాయ్ గురించి. ఈ చేతులతో అది కోసి, సాయంత్రం అదే చేతులతో భాయ్ కంచంలో అన్నం పెట్టాలి. దాచడం నాకు చేతకాదు. ఆ సాయంత్రమే చెప్పేశాను. భాయ్ గడ్డం నిమురుకున్నాడు. వడ్రంగి అన్న మా ఇద్దరి మొహాలూ మార్చి మార్చి చూస్తున్నాడు.

"వండుడు నీ నౌకరీ, తమ్మీ," అన్నాడు చివరికి భాయ్. "నౌకరీ నేనే చూపిచ్చిన, ఇప్పుడు వద్దని ఎట్లంట? అక్కడి చాకు అక్కడ్నే పెట్టు, అక్కడి గుడ్డలు అక్కడ్నే విడువు. స్నానం జేసి వచ్చి నాకు అన్నం పెట్టు. తింట."

అన్నట్టుగానే తిన్నాడు. నేను కూడా ఆ మాట తప్పలేదు. సాబ్ ఇంటి వెనక నౌకర్ల గదిలో స్నానం చేసి, గుడ్డలు మార్చుకుని గానీ కారెక్కేవాణ్ణి కాదు. ఒక రోజు నీళ్లు రాకపోతే ట్యాంకర్ వచ్చేదాకా కూర్చున్నాను. భాయ్ బయట కార్లో ఆకలితో కాచుకున్నాడు, ఒక్కసారి కూడా హారన్ కొట్టలేదు.

అంతా బాగానే ఉందనుకున్నాను. మొదటి సూప్‌తోనే మునిగింది.

ఇక్కడ మా అమ్మ సంగతి చెప్పాలి. పోచమ్మకు బోనం తీసే రోజు అమ్మ తలస్నానం చేసి, తడి చీరతో కట్టెల పొయ్యి ముందు కూర్చునేది. అమ్మవారికి పెట్టే అన్నం, పప్పు వండేటప్పుడు గరిటె నాలుకకు తగలనిచ్చేది కాదు. తగిలితే ఎంగిలి అయిపోయినట్టే, కుండ మొత్తం పనికిరాదు. మరి ఉప్పు ఎట్లా తెలిసేది? చేత్తో కొలిచేది, ముక్కుతో చూసేది. ఉప్పు పడని పప్పు ఆవిరి ఒక తీరుగా వస్తుంది, తియ్యగా, పచ్చిగా. ఉప్పు పడి ఒకసారి పొంగితే ఆ ఆవిరికి నోట్లో నీళ్లూరతాయి. అమ్మ కుండ మీదికి వంగి కళ్లు మూసుకుని వాసన పట్టి, ఇంకో నాలుగు ఉప్పు గల్లులు వేసేదో, చాలని మూత పెట్టేదో. ఆ పప్పు తర్వాత ప్రసాదంగా వాడంతా తినేవాళ్లు. ఉప్పు తక్కువైందని అన్నవాళ్లను నేను చూడలేదు. ఆమె పక్కన కూర్చుని నేనూ అట్లాగే నేర్చుకున్నాను. రూమ్‌లో కూడా నేను రుచి చూసి వండింది లేదు. వడ్రంగి అన్న నన్ను పూజారి అని ఏడిపించేవాడు.

అట్లాంటి నాకు ఈ సూప్ దేవుడిచ్చిన వరమనుకున్నాను. నోట పెట్టాల్సిన పని లేకుండా వండగలను గదా! పోచమ్మ తల్లికి చేసిన పద్ధతిలో పంది కాలు వండుతున్నందుకు ఆ తల్లి ఏమనుకుందో గానీ, నాకు తెలిసిన వంట అదొక్కటే. పప్పు మెత్తబడ్డాక అలవాటు ప్రకారం చేతికి వచ్చిన లెక్కలో ఉప్పు వేశాను. కాలిలో ఉన్న ఉప్పు సంగతి నా చేతికి ఏం తెలుసు? వాసన చూశాను. పొగ వాసన మిగతా వాసనలన్నిటినీ తొక్కేసింది. నా ముక్కుకు ఏమీ అందలేదు.

మర్నాడు మేడం ఒక స్పూన్ నోట్లో పెట్టుకుని గబగబా సింకు దగ్గరికి పోయి ఉమ్మేసింది. సముద్రం నీళ్లు తాగినట్టుందట. నువ్వు రుచి చూడలేదా అని అడిగింది. లేదన్నాను. ఎప్పుడూ చూడవా? ఇది ఎప్పుడూ చూడను, తినను అని చెప్పాను. నాకు వచ్చిన ఇంగ్లిష్ కొంత, హిందీ కొంత, చేతులు కొంత కలిపి అమ్మ సంగతీ, దేవత సంగతీ చెప్పాను. ఆమె ఓపిగ్గా విన్నది. దేవత ఉప్పు ఎక్కువైందని చెప్పదు, నా అతిథులు చెబుతారన్నది.

పోనీ రుచి చూడటమంటే ఆమె ఎట్లా చూసేదో చెప్పాలి. స్పూన్ కుండలో ముంచుతుంది, నాకుతుంది, మళ్లీ అదే స్పూన్ కుండలో ముంచుతుంది. నా ప్రాణం గిలగిలలాడేది. ఇంత శుభ్రమైన మనిషి, గచ్చు మీద వెంట్రుక కనబడితే ఊరుకోని మనిషి, ఎంగిలి స్పూన్‌తో కుండంతా కలిపేస్తుంది. ఆమెకేమో రుచి చూడని వంటవాడు కళ్లు మూసుకుని కారు నడిపే డ్రైవర్‌లాగా కనబడ్డాడు. ఎవరి న్యాయం వాళ్లది.

సాబ్ పుట్టినరోజు దగ్గర పడింది. ఒమన్‌లో ఉన్న వాళ్ల దేశం వాళ్లంతా ఆ రోజు వాళ్లింటికి ఈ సూప్ కోసమే వస్తారట. మేడం నన్ను కూర్చోబెట్టి నెమ్మదిగానే చెప్పింది.

"ఆ రోజు నువ్వే వండు. వండి, నా ముందు రుచి చూడు. చూస్తే కుక్‌వు. చూడకపోతే నాకు వేరే మనిషి కావాలి."

ఆ మాట రూమ్‌లో చెబితే వడ్రంగి అన్న నవ్వేశాడు. ఖల్లీవల్లీ, పోతే పోనీ అని కొట్టిపారేశాడు. నాలుక చివరికి తగిలించి ఉమ్మెయ్, ఇక్కడ ఎవడు చూస్తడు, మీ పోచమ్మకు వీసా లేదు గదా అన్నాడు. నాకూ నవ్వొచ్చింది. తర్వాత కోపమొచ్చింది. అన్న చెప్పినట్టు చేస్తే ఆకాశం ఊడిపడదని నాకూ తెలుసు. ఎవరికీ తెలియదు కూడా. నేను ఒట్టు పెట్టుకుని రాలేదు, అమ్మ ఒట్టు వేయించుకోలేదు. అయినా నా మనసు ఒప్పుకోలేదు. పొద్దున్నే లేవమన్నప్పుడు లేచాను, మోయమన్నది మోశాను, ఉండమన్న రూమ్‌లో ఉన్నాను. ఆ దేశంలో నా ఇష్టమనేది ఏదైనా ఉందంటే, నా నోట్లోకి ఏది పోవాలో అన్నదొక్కటే. అది కూడా ఇచ్చేస్తే నాకంటూ ఏం మిగిలినట్టు? మొండివాడినని అనుకోండి. నేను మొండివాణ్ణే.

భాయ్ మాత్రం సలహా ఇవ్వలేదు. సైట్‌కు తిరిగి పోతే ఈసారి ఎండాకాలం తట్టుకోగలవా అని మాత్రం అడిగాడు. తట్టుకోలేనన్నాను. నిజం అదే. రాబోయే ఎండాకాలాన్ని తలచుకుంటేనే నా అరచేతులు మండేవి. అంటే నా నోరు నాదిగానే ఉండాలి, ఆ వంటగదీ కావాలి. రెండూ దక్కాలంటే నోట పెట్టకుండానే ఉప్పు సరిగ్గా పడాలి. అది నా ముక్కుకు, చేతికి కుదరలేదని ఒకసారి తేలిపోయింది.

చిక్కంతా ఆ కాలితోనే. నా ఉప్పు నా చేతి లెక్కలో ఉంటుంది. కాలిలో ఉప్పు మాత్రం ఎవడో ఎక్కడో పట్టించింది. ఒక కాలిలో ఎక్కువ, ఒక కాలిలో తక్కువ. అది పప్పులోకి ఎంత దిగుతుందో దానికే తెలియాలి. రెండు రోజులు అదే ఆలోచన. రూమ్‌లో వండుతూ పరధ్యానంలో పప్పు అడుగంటిస్తే, పూజారికి పూనకం వచ్చిందని వడ్రంగి అన్న అన్నాడు.

దారి చూపించింది సైట్. సముద్రం దగ్గర గదా, అక్కడ బావి నీళ్లు ఉప్పగా ఉండేవి. ఉప్పు నీళ్లతో కాంక్రీటు కలిపితే ఇనుము తుప్పు పడుతుంది, గోడ మీద తెల్లగా పూస్తుంది. అందుకని ట్యాంకర్ రాగానే మా మేస్త్రి దోసెడు నీళ్లు తీసి ఎండకు కాలిన ఇనుప రేకు మీద చల్లేవాడు. చుర్రుమని ఆవిరైపోయాక అక్కడ తెల్లటి మచ్చ మిగిలితే ట్యాంకర్‌ను తిప్పి పంపేవాడు, మచ్చ లేకపోతే దింపుకునేవాడు. ఆ రేకు మీద నీళ్లు చల్లింది ఎన్నోసార్లు నేనే. ఒకసారి నోట్లో పోసుకుని చూస్తే తెలుస్తుంది గదా అని నేనంటే, దినమంతా నీ నోరే ఉప్పు చెమట, దానికేం తెలుస్తదని మేస్త్రి కసిరాడు.

పుట్టినరోజుకు తెప్పించిన కాలును మేడం వంటగదిలోకి రాకముందే పెద్ద గిన్నెలో నీళ్లు పోసి నానేశాను. కొంతసేపయ్యాక ఆ నీళ్లు ఒక చెంచాడు తీసి, పొయ్యి మీద బాగా కాలిన పెనం మీద వేశాను. చుర్రుమంది. ఆరిపోయాక చూద్దును గదా, ముగ్గు వేసినట్టు తెల్లగా మచ్చ. నాకు గంతులేయాలనిపించింది. ఆ నీళ్లు పారబోసి మళ్లీ కొత్త నీళ్లు పోశాను. మళ్లీ పెనం, మళ్లీ మచ్చ. ఈసారి కొంచెం పలచన. రాత్రికి నానబెట్టి రూమ్‌కు పోయి, పొద్దున్నే వచ్చి మళ్లీ మార్చాను. మచ్చ రాను రాను మాసిపోయి, చివరికి పెనాన్ని వెలుతురుకు పట్టుకుని చూస్తే తప్ప కనబడనంతగా మిగిలింది. కాలిలో వాళ్లు పట్టించిన ఉప్పు దాదాపు పోయింది. పొగ వాసన మాత్రం ఎక్కడికీ పోలేదు, అది మాంసం లోపలికంటా పట్టి ఉంది. ఇక వేయాల్సిన ఉప్పు నాది. నా చేతి లెక్క, అమ్మ చేతి లెక్క.

మేడం వచ్చి పెనం మీద మచ్చలు చూసి ఏమిటిదని అడిగింది. చెప్పాను. ఆమె వంగి చూసింది, వేలితో ఒక మచ్చ గీకి నాలుక మీద పెట్టుకుంది కూడా. అట్లాగే లోపలికి వెళ్లిపోయింది. సరే అనుకుందో, పిచ్చోడనుకుందో నాకు అర్థం కాలేదు.

పప్పు కడిగి, కాలు వేసి, సన్నటి మంట మీద పెట్టాను. పైకి తేలిన నురగను ఓపిగ్గా తీసేశాను. ఉప్పు లేని నీళ్లు కాబట్టి పప్పు మబ్బులాగా విచ్చుకుంది. కాలు తీసి, చల్లారనిచ్చి, మాంసం ఎముక నుంచి వలిచి ముక్కలు చేశాను. నా చేతులకు అప్పటికి అసహ్యం పోయింది, పని మాత్రమే మిగిలింది. మేడం దగ్గర ఆలుగడ్డలు నలిపే ఇనుప సామాను ఉండేది గానీ అది నాకు నచ్చలేదు. వడ్రంగి అన్న సెంట్రింగ్ కర్ర ముక్కతో చెక్కిచ్చిన పప్పు గుత్తి తెచ్చుకున్నాను. దానితో ఎనిపితే పప్పు వెన్నలా అయ్యింది. లీకులు, సెలెరీ, ఆలుగడ్డ ముక్కలు, మాంసం, అన్నీ వేసి మళ్లీ ఉడకనిచ్చాను. అప్పుడు చేతిలోకి ఉప్పు తీసుకున్నాను.

కుండ మీదికి వంగి కళ్లు మూసుకున్నాను. పొగ వాసన కింద, ఈసారి, పప్పు వాసన అందింది. తియ్యటి పచ్చి ఆవిరి. ఉప్పు వేశాను, కలిపాను, పొంగు రానిచ్చి మళ్లీ వంగాను. ఇంకా చాలలేదు. ఇంకొన్ని గల్లులు. ఈసారి ఆవిరి తగలగానే నా నోట్లో నీళ్లూరాయి. నేను జన్మలో తినని, తినబోని దానికి నా నోట్లో నీళ్లూరడం చూసి నాకే సిగ్గేసింది. మూత పెట్టేశాను.

మర్నాడు ఇంట్లో ఏసీలన్నీ పెంచేశారు. బయట హాయిగా ఉంది, లోపల వణుకు పుడుతోంది. చలి లేకపోతే సూప్ రుచించదట. సాబ్ ఊలు స్వెటర్ వేసుకుని సంబరంగా తిరుగుతున్నాడు. నేను సూప్‌ను మెల్లగా వేడి చేస్తున్నాను. గరిటె నిలబెట్టి చూశాను, నిలబడింది.

మేడం వంటగదిలోకి వచ్చి తలుపు దగ్గరికి వేసింది. కుండలో కొత్త స్పూన్ ముంచి, నిండుగా తీసి, ఊది, నా నోటి ముందు పెట్టింది.

నేను చేతులు కట్టుకున్నాను.

"మీరు చూడండి, మేడం," అన్నాను. "ఉప్పు ఎక్కువైనా తక్కువైనా నేనే రేపు సైట్‌కు పోత. మీరు పంపనక్కర్లేదు. నోట్లె మాత్రం పెట్ట."

ఆమె మొహం ఎర్రబడింది. కోపమో, ఏసీ చలో తెలియదు. స్పూన్ అట్లాగే పట్టుకుని నన్ను చూస్తూ నిలబడింది. ఆఖరికి దాన్ని తన వైపు తిప్పుకుని నోట్లో పెట్టుకుంది. నమిలింది, మింగింది. అప్పుడే బయట గంట మోగింది. అతిథులు. ఆమె స్పూన్ సింకులో పడేసి, ఏమీ చెప్పకుండా తలుపు తీసుకుని వెళ్లిపోయింది.

ఏమీ చెప్పకపోవడం కన్నా రెండు తిట్లు తిట్టినా బాగుండేది. స్పూన్ మళ్లీ కుండలో ముంచలేదు, ఉమ్మలేదు, బాగుందనలేదు. సరిపోయిందా, సరిపోకపోయినా అతిథుల ముందు గొడవెందుకని ఊరుకుందా? నేను లోతు ప్లేట్లలో సూప్ వడ్డించి, పైన సాసేజ్ ముక్కలు పెట్టి, ఒక్కొక్కటే పట్టుకెళ్లి బల్ల మీద పెట్టాను. అందరూ స్వెటర్లలో, తెల్లటి మనుషులు, ఎర్రటి ముక్కులు. ఎవరి మొహమూ చూడకుండా తిరిగి వచ్చి తలుపు పక్కన నిలబడ్డాను. భాయ్ నా కోసం కారు కడుగుతున్నట్టు నటిస్తూ కిటికీ బయటే ఉన్నాడు.

బల్ల మధ్యలో కూర్చున్న పెద్దాయన, సాబ్ కన్నా పై అధికారి, స్పూన్ అందుకుంటూ అటూ ఇటూ చూశాడు. వాళ్ల బల్ల మీద ఉప్పు సీసా లేకుండా ఎన్నడూ ఉండదు, తినకముందే చల్లుకోవడం వాళ్ల అలవాటు. ఆ రోజు బల్ల సర్దింది మేడమే. ఉప్పు సీసా మర్చిపోయిందనుకున్నాను. ఆయన నా వైపు చెయ్యి ఊపి ఉప్పు అడిగాడు. రుచి చూడకముందే అడిగాడని ఆ క్షణంలో నాకు తట్టలేదు, నా సూప్ తేలిపోయిందనే అనుకున్నాను. వంటగది అలమరలోంచి ఉప్పు సీసా తీసుకుని ఆయన కుర్చీ వెనకదాకా వెళ్లాను.

మేడం చెయ్యెత్తి నన్ను ఆపింది. మర్చిపోవడం కాదు, ఆమె కావాలనే పెట్టలేదు.

"అక్కర్లేదు," అంది ఆయనతో. "మా కుక్ వేసిన ఉప్పు సరిపోతుంది. ముందు తినండి."

ఇంగ్లిష్‌లోనే అంది, నాకు ప్రతి మాటా అర్థమయ్యింది. హెల్పర్ అనలేదు. అంతమంది ముందు, తన భర్త పై అధికారికి ఉప్పు ఇవ్వనని చెప్పి మరీ, కుక్ అంది. నా కళ్లల్లో నీళ్లు తిరిగాయి. అవి రాలితే సూప్ పాడవుతుందని ఒక అడుగు వెనక్కి వేశాను. పెద్దాయన భుజాలు ఎగరేసి స్పూన్ నోట్లో పెట్టుకున్నాడు. ఇంకో స్పూన్ తిన్నాడు. ఆ తర్వాత తలెత్తలేదు. రొట్టె ముక్కతో ప్లేటు అడుగు తుడిచి, పక్కవాళ్లతో మాట ఆపకుండానే, వెనక్కి చూడకుండానే, ఆ ఖాళీ ప్లేటు నా వైపు చాపాడు. నేను ఉప్పు సీసా జేబులో వేసుకుని, రెండు చేతులతో ప్లేటు అందుకున్నాను.